పెకావీ: పరీక్షలో రాని మాట, మార్కులు తెచ్చే చుట్టాలు

పెకావీ అనే ఇంగ్లిష్ మాటను నేను ఏ ప్రశ్నపత్రంలోనూ చూడలేదు. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగాలకు పెట్టే ఎస్సెస్సీ సీజీఎల్‌ పరీక్షలో కనిపించలేదు, బ్యాంకు పరీక్షల్లో కనిపించలేదు, గ్రూప్-1 మెయిన్స్‌లో ఉండే జనరల్ ఇంగ్లిష్ క్వాలిఫయింగ్ పేపర్లో అడుగుతారన్న నమ్మకం అసలే లేదు. "తప్పు చేశాను, ఒప్పుకుంటున్నాను" అనడానికి ఒకప్పుడు బాగా చదువుకున్న ఇంగ్లిష్ వాళ్లు వాడిన మాట అది. ఇప్పుడు వాళ్లలోనే చాలామందికి తెలియదు. అయినా "వొకాబులరీ ఎట్లా చదివినవ్ అన్నా?" అని ఎవరడిగినా నేను దీంతోనే మొదలుపెడతాను. ఇది పరీక్షలో రాదు గానీ, ఇదే మూలం నుంచి పుట్టిన చుట్టాల్లాంటి మాటలు వస్తాయి. ముఖ్యంగా తెలుగు మీడియం తమ్ముళ్లకు, చెల్లెళ్లకు.

హన్మకొండలో ప్రిపేరయ్యేవాళ్ల గది ఏదైనా తీసుకోండి, నయీంనగర్ కానీ కిషన్‌పుర కానీ. గోడకు ఇండియా మ్యాప్, టేబుల్ మీద కరెంట్ అఫైర్స్, దాని కింద టెలిగ్రామ్ నుంచి దింపుకుని స్పైరల్ బైండింగ్ చేయించిన వొకాబులరీ కట్ట. అందులో "సారీ"కి దగ్గరి మాటలు ఒక వరుసలో ఉంటాయి: రిమోర్స్, రిగ్రెట్, కాంట్రిషన్, రిపెంటెన్స్, కంపంక్షన్. అన్నిటికీ ఎదురుగా ఒకటే అర్థం, పశ్చాత్తాపం. ఐదు మాటలకు ఒకే అర్థం రాసి ఇస్తే ఏది ఎక్కడ వాడాలో ఎవరికి మాత్రం గుర్తుంటుంది? లిస్టు తయారుచేసినవాళ్ల మీద నాకు కోపం లేదు. రోజుకు ఇన్ని మాటలు బట్టీ కొట్టాల్సిందేనని జూనియర్లను భయపెట్టేవాళ్ల మీద మాత్రం ఉంది.

పెకావీ నాకు తగిలింది మోడర్న్ హిస్టరీ చదువుతుంటే. 1843లో ఈస్టిండియా కంపెనీ సింధ్‌ను కలుపుకుంది. గవర్నర్ జనరల్ ఎలెన్‌బరో, సైన్యాన్ని నడిపింది చార్లెస్ నేపియర్. ఫిబ్రవరిలో మియానీ దగ్గర, మార్చిలో హైదరాబాద్ దగ్గర సింధ్‌ను ఏలే తాల్పూర్ అమీర్లు ఓడిపోయారు. ఈ హైదరాబాద్ సింధ్‌లోది. జతపరచండి అన్న ప్రశ్నలో ఆ పేరు కనబడగానే మనవాళ్ల చెయ్యి నేరుగా నిజాం మీదకు పోతుంది, జాగ్రత్త. ఇంతవరకు ఏ గైడులోనైనా దొరుకుతుంది. గైడులో దొరకనిది, ఆ యుద్ధం మీద ఇంగ్లండ్‌లో పుట్టిన జోకు. గెలిచాక నేపియర్ పైఅధికారులకు ఒకే ఒక్క మాట పంపాడట: పెకావీ. లాటిన్‌లో దాని అర్థం "నేను పాపం చేశాను". ఇంగ్లిష్‌లోకి మారిస్తే "ఐ హావ్ సిన్డ్". చెవికి మాత్రం "ఐ హావ్ సింధ్" అని వినబడుతుంది. సింధ్ నా చేతికి వచ్చింది అని!

కథ బాగుంది కానీ అలా జరగలేదు. ఆ శ్లేష కేథరిన్ వింక్‌వర్త్ అనే అమ్మాయిది. అప్పటికి ఆమెకు ఇరవై ఏళ్లు కూడా లేవు. తర్వాతి కాలంలో జర్మన్ భక్తిగీతాలను ఇంగ్లిష్‌లోకి తెచ్చి పేరు సంపాదించుకుంది. ఆమె పంపిన ఈ జోకును పంచ్ అనే హాస్య పత్రిక 1844లో వేసింది, అదీ నేపియరే పంపినట్టుగా. చదివినవాళ్లలో చాలామంది నిజమే అనుకున్నారు. కొందరైతే నేపియర్ టెలిగ్రాం కొట్టాడని కూడా రాస్తారు. మన దేశంలో టెలిగ్రాఫ్ లైన్లు పడింది గవర్నర్ జనరల్ డల్హౌసీ కాలంలో, 1850ల్లో. మరి 1843లో సింధ్ నుంచి టెలిగ్రాం ఎక్కడిది? ఒక టాపిక్‌తో ఇంకో టాపిక్‌ను ఇలా తనిఖీ చేస్తుంటే స్టేట్‌మెంట్ ప్రశ్నల్లో ఒక ఆప్షన్ దానంతట అదే పడిపోతుంది. ప్రిలిమ్స్‌లో నన్ను ఎక్కువగా కాపాడింది ఈ పద్ధతే.

ఇందులో ఇంకో వింత ఉంది. నేపియర్ ఆ మాట పంపకపోయినా, చేసేది తప్పని ఆయనకు తెలుసు. సింధ్‌ను పట్టుకునే హక్కు మనకు లేదు, అయినా పట్టుకుంటాం, అది చాలా లాభసాటి రౌడీ పని అవుతుంది అనే అర్థం వచ్చేలా ముందే తన డైరీలో రాసుకున్నాడు. 1856లో అవధ్‌ను కలుపుకున్నప్పుడు పంచ్ డల్హౌసీ పేరు మీద కూడా ఇలాంటి లాటిన్ జోకే వేసింది: వోవీ. అంటే "ఐ హావ్ వౌడ్", ఒట్టు వేశాను అని. అవధ్‌ను ఇంగ్లిష్ వాళ్లు ఔడ్ అని పలికేవాళ్లు కాబట్టి అది "ఐ హావ్ ఔడ్" అయింది. రెండు రాజ్యాలు పోయాయి, వాళ్లకు రెండు జోకులు మిగిలాయి. 1843, 1856 అనే తేదీలు మాత్రం నాకు మళ్లీ రివిజన్ అవసరం పడలేదు.

ఇక మాట లోపలికి వెళ్దాం. "తప్పు చేశాను" అన్నప్పుడు మనం "నేను" అని విడిగా చెప్పం. చివర ఉన్న "ను"లోనే ఆ మనిషి ఉన్నాడు. లాటిన్‌లో కూడా అంతే. పెకావీ చివరి భాగంలోనే "నేను" ఉంది, జరిగిపోయిన కాలం కూడా ఉంది. ఒక్క మాటే పూర్తి వాక్యం. ఇంగ్లిష్ వాడికి దీన్ని విడగొట్టి చెప్పాలి, మనకు అవసరం లేదు. తెలుగు మీడియం అని తల దించుకునేవాళ్లు కొంచెం ఇక్కడ ఆగి మళ్లీ చదవండి.

ఇంగ్లిష్‌లోకి వచ్చాక దీన్ని నామవాచకంగా కూడా వాడారు. "క్రై పెకావీ" అంటే తన తప్పు తానే ఒప్పుకోవడం. ఈ మాటలో పాత వాసన ఉంది, పండితుల సరదా ఉంది. ఎవరికైనా నిజంగా నష్టం చేసి ఈ మాట అంటే వెటకారంగా ఉంటుంది. లెటర్ రైటింగ్‌లో అస్సలు వాడకండి, దిద్దేవాళ్లకు తిక్క రేగుతుంది. లాటిన్ బైబిల్లో ఇల్లు వదిలి వెళ్లిన కొడుకు తిరిగొచ్చి తండ్రి ముందు అనే మాట కూడా పెకావీయే. ఇంగ్లిష్‌లో ఆ కథ పేరు ప్రాడిగల్ సన్. కథ తెలిసినవాళ్లలో చాలామంది ప్రాడిగల్ అంటే "తిరిగి వచ్చినవాడు" అనుకుంటారు. అసలు అర్థం "డబ్బు దుబారా చేసేవాడు". దీనికి వ్యతిరేకపదం ఫ్రూగల్. ఆ జంట పరీక్షలకు బాగా పనికొచ్చేది.

పెకావీ రాదు గానీ దాని చుట్టాలు వస్తాయని చెప్పింది ఇందుకే. ఇంపెకబుల్ చూడండి. "ఇం" అంటే లేదు, మిగతాది అదే పాపం. పాపం అంటనిది, వంక పెట్టలేనిది. "ఇంపెకబుల్ రికార్డ్", "ఇంపెకబుల్ మ్యానర్స్" అని వాడతారు. పెకడిల్లో అంటే చిన్న పాపం, చిల్లర తప్పు. స్పానిష్ మీదుగా వచ్చింది. క్లాసులో ప్రాక్సీ కొట్టడం పెకడిల్లో, పేపర్ లీక్ చేయడం కాదు. వీటి పక్కనే ఇంపెక్యూనియస్ అనే మాట కూర్చుని మోసం చేస్తుంది. చూడ్డానికి ఇంపెకబుల్ తమ్ముడిలా ఉంటుంది కానీ ఆ కుటుంబం వేరు. దాని మూలం లాటిన్‌లో పశువులు అనే మాట. మన ఊళ్లలో గొడ్డూ గోదా ఎన్ని ఉన్నాయని ఆస్తి లెక్క చూసినట్టే రోమన్లకూ పశువులే ధనం. అందుకే పెక్యూనియరీ అంటే డబ్బుకు సంబంధించినది, ఇంపెక్యూనియస్ అంటే చేతిలో పైసా లేనివాడు. మనలో సగం మందిమి అదే కదా.

ఫాతిమానగర్ చర్చికి వెళ్లే రూమ్మేట్ ఒకతను ఉండేవాడు. మేయా కుల్పా అనే మాట నాకు అతనే అర్థం చేయించాడు. క్యాథలిక్ పూజ మొదట్లో చేసే పాపపు ఒప్పుకోలు ప్రార్థనలో, లాటిన్‌లో, గుండె మీద చెయ్యి తట్టుకుంటూ మూడుసార్లు అనే మాట అది: "నా తప్పు వల్లనే" అని. పెకావీ కన్నా ఇదే ఇప్పుడు పేపర్లలో ఎక్కువ. నాయకుడు తప్పు ఒప్పుకుంటే హెడ్డింగ్‌లో వేస్తారు. దీని చుట్టాల్లో కల్పబుల్, కల్ప్రిట్, ఎక్స్‌కల్పేట్ ఉన్నాయి. తప్పు మోయాల్సినవాడు, తప్పు చేసినవాడు, తప్పు నుంచి బయటపడేయడం. ఎస్సై, కానిస్టేబుల్ పరీక్షలకు చదివేవాళ్లకు కల్పబుల్ హోమిసైడ్, అంటే శిక్షించదగ్గ నరహత్య, ఎలాగూ తెలుసు. పాత శిక్షాస్మృతి ఐపీసీలో సెక్షన్ 299, 2024 జూలై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలో సెక్షన్ 100. ఇంగ్లిష్‌కు, చట్టానికి కలిపి ఒకే పేజీ.

మిగతా వాటిని త్వరగా చూద్దాం. రిమోర్స్‌లో కొరకడం ఉంది, చేసిన తప్పు మళ్లీ మళ్లీ లోపల కొరుకుతుంది. నోట్లో పెట్టుకునే ముక్క, మోర్సెల్, అదే మూలం. కాంట్రైట్‌లో నూరడం, నలగడం ఉంది. కంపంక్షన్‌లో గుచ్చడం ఉంది, మన పంక్చర్ అక్కడిదే. "విదౌట్ కంపంక్షన్" అని వ్యతిరేకంగానే ఎక్కువ వాడతారు: మనసులో చిన్న ముల్లు కూడా గుచ్చుకోకుండా ఆ పని చేశాడని. ఇప్పుడు ఆ మాటలన్నీ ఒకటి కావు కదా!

అర్థం తెలిసినా వాడుక తెలియకపోతే వాక్యంలో తప్పు పట్టమనే ఎర్రర్ స్పాటింగ్‌లో దొరికిపోతాం. అపాలజైజ్ తర్వాత మనిషికి "టు", తప్పుకు "ఫర్". తెలుగులో "అతన్ని క్షమాపణ అడిగాను" అంటాం కాబట్టి "టు" ఎగిరిపోతుంది. "మేక్ అమెండ్స్"లో చివర "ఎస్" ఎప్పుడూ ఉండాలి, అది తీసేస్తే రాజ్యాంగాన్ని సవరించే "అమెండ్" అవుతుంది. "రిగ్రెట్ టు ఇన్ఫామ్" అంటే ఇప్పుడు చెప్పబోయే చెడు కబురుకు విచారం. "రిగ్రెట్ ఇన్ఫామింగ్" అంటే అనవసరంగా చెప్పానే అని తర్వాత బాధ.

వీటిని నేను పట్టుకున్నది గ్రంథాలయంలో ఒకే రోజు తెలుగు పేపరు, ఇంగ్లిష్ పేపరు పక్కపక్కన పెట్టుకుని. ఒకే వార్త రెండిట్లో చదవాలి. కోర్టు ధిక్కరణ కేసు వార్తలో తెలుగు పేపరు "బేషరతు క్షమాపణ" అని రాస్తే, ఇంగ్లిష్ పేపర్లో "అన్‌క్వాలిఫైడ్ అపాలజీ" అని ఉంటుంది. మనకు అన్‌క్వాలిఫైడ్ అనగానే అర్హత లేనిది అని తోస్తుంది. ఇక్కడ అర్థం షరతులు లేనిది, కానీ-గీనీ లేనిది. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టంలో సెక్షన్ 12 తీసి చదవండి, కోర్టుకు తృప్తి కలిగేలా క్షమాపణ చెబితే శిక్ష మాఫీ చేయవచ్చని ఉంటుంది. షరతు ఉందన్న ఒక్క కారణంతో, నిజాయితీగా చెప్పిన క్షమాపణను తోసిపుచ్చకూడదని కూడా ఉంటుంది. ఒక విశేషణం కోసం వెతికితే పాలిటీలో ఒక చట్టం చేతికి వచ్చింది.

అపాలజీకి కూడా ఒక పాత ముఖం ఉంది. గ్రీకులో అపోలోజియా అంటే తనను సమర్థించుకునే ప్రసంగం. క్రీస్తుపూర్వం 399లో ఏథెన్స్ కోర్టులో సోక్రటీస్ చేసిన వాదనను ప్లేటో రాశాడు. ఆ రచన పేరు అపాలజీ. అందులో ఆయన సారీ చెప్పడు, పైగా జడ్జీలకే క్లాసు పీకుతాడు. ఆ పాత అర్థం ఇప్పటికీ అపాలజిస్ట్‌లో బతికే ఉంది. కాంప్రహెన్షన్ ప్యాసేజీలో "అపాలజిస్ట్ ఫర్ ఎంపైర్" అని ఉంటే అతను సామ్రాజ్యం తరఫున వకాల్తా పుచ్చుకున్నవాడు, దాని గురించి బాధపడేవాడు కాదు. ఈ ఒక్క మాటను తిరగేసి అర్థం చేసుకుంటే రచయిత వైఖరి ఏమిటన్న ప్రశ్న పోయినట్టే.

సీజీఎల్ మొదటి దశ, టైర్-1లో ఇంగ్లిష్ 25 ప్రశ్నలు, 50 మార్కులు, తప్పుకు అర మార్కు కోత. టైర్-2లో 45 ప్రశ్నలు, ఒక్కోదానికి 3 మార్కులు, తప్పుకు 1 పోతుంది. అందుకే సగం తెలిసిన మాట ఖరీదైనది. నా నోట్‌బుక్‌లో పేజీకి ఒక కుటుంబం ఉండేది: పైన మూలం, కింద చుట్టాలు, పక్కన ఒక సొంత వాక్యం, చివర మోసం చేసే మాట ఎర్ర పెన్నుతో. అన్నీ రాయలేదు. పాత పేపర్లలో ఎదురైనవాటికి, అవి లాక్కొచ్చిన చుట్టాలకు మాత్రమే పేజీ ఇచ్చాను. ఒక్క పెకావీకే మినహాయింపు.

ఎర్ర పెన్ను మాటల్లో ఒకటి మీకు వదిలేస్తాను, డెప్రికేట్. మూలంలో "వద్దని ప్రార్థించడం" అని. ఇప్పుడు నిరసించడం, తక్కువ చేయడం. తనను తాను తక్కువ చేసుకుని నవ్వించేవాణ్ని సెల్ఫ్-డెప్రికేటింగ్ అంటారు, సారీ చెబుతున్నట్టు ముడుచుకుని మాట్లాడే తీరును డెప్రికేటరీ అంటారు. దీనికి మధ్యలో ఒక "ఐ" తగిలితే డిప్రీషియేట్ అవుతుంది, విలువ పడిపోవడం. డాలర్ ముందు రూపాయి చేసేది ఆ రెండోది. ఎకానమీ చాప్టర్లో మొదటిది రాసి వచ్చినవాళ్లు మన హన్మకొండలోనే చాలామంది ఉన్నారు.