తాతగారు ఎల్ఈడీలో దీవించారు

2016 నవంబర్ 8న పెద్ద నోట్లు రద్దయి జనమంతా ఏటీఎంల ముందు పడిగాపులు కాస్తుంటే, అదే నెల 16న బెంగళూరు ప్యాలెస్ గ్రౌండ్స్‌లో హంపీ గుడి సెట్టింగు వేసి గాలి జనార్దనరెడ్డి గారు కూతురి పెళ్లి చేశారు. శుభలేఖ పెట్టె తెరిస్తే చిన్న స్క్రీన్ మీద కుటుంబమంతా పాట పాడుతూ కనిపించేది. అప్పుడు తెగ నవ్వుకున్నాం. ఇప్పుడా జబ్బు మా చుట్టాల్లోకే వచ్చేసింది, కాకపోతే అప్పు చేసి.

మొన్న మా దూరపు బాబాయి కొడుకు పెళ్లి. జీలకర్ర బెల్లం వేళకి పంతులుగారు తొందరపెడుతుంటే కెమెరా కుర్రాడు "ఆగండి సార్, డ్రోన్ బ్యాటరీ మారుస్తున్నా" అన్నాడు. ఆగారు! ముహూర్తం కూడా ఆగిందనుకున్నారు కాబోలు.

అదలా ఉంచండి, పెళ్లికొడుకు తాతగారు ఐసీయూలో ఉన్నారు. ఏఐతో ఆయన వయసు సగానికి సగం తగ్గించి, జరీ కండువా కప్పి, ఎల్ఈడీ తెర మీద దీవెనలు ఇప్పించారు. అందరూ ఒకటే చప్పట్లు. నా పక్కనే బాబాయి ఫోన్‌లో డాక్టర్‌తో గుసగుసగా, "ఎల్లుండి రిసెప్షన్ దాటేదాకా ఎలాగోలా లాగండి సార్, మైల వస్తే హాలు అడ్వాన్సు వెనక్కి ఇవ్వరు" అంటున్నాడు. పిన్నేమో తెరకేసి చూస్తూ, మేకప్ చెదరకుండా టిష్యూతో కళ్లొత్తుకుంటూ, "మావయ్యగారు ఇంత కళగా ఎప్పుడూ లేరు" అంది.