లైబ్రరీలో కూర్చుని లైబ్రరీ ఫైళ్లు చదివాను

యూజీసీ నెట్‌కి ఫోరెన్సిక్ సైన్స్ తీసుకున్నవాళ్లలో నాలాగా బయాలజీ నుంచి వచ్చినవాళ్లకి ఈ పోస్టు. డీఎన్ఏ, రక్తపు మరకలు, విషాలు అంటే మనకి ధైర్యం. డిజిటల్ ఫోరెన్సిక్స్ అనగానే టెన్షన్. మొదటిసారి నేనూ అంతే. పేపర్ 2లో 100 ప్రశ్నలు, నెగెటివ్ మార్కులు లేవు. డిజిటల్ ప్రశ్నలకి తోచింది పెట్టేసి వచ్చాను. కొద్దిలో పోయింది.

రెండోసారి చిక్కడపల్లి లైబ్రరీలో మకాం. ఒకరోజు అమ్మ ఫోన్ చేసి ఏం చదువుతున్నావంటే "లైబ్రరీల గురించమ్మా" అన్నాను. "లైబ్రరీలో కూర్చుని లైబ్రరీల గురించి చదవడమేంట్రా?" అంది. ఆమె తప్పేం లేదు, ఆ మాట నాకూ అప్పుడే కొత్త.

విషయం ఇది. వీడియో ప్లేయర్ ఒక్కటే అన్ని పనులూ చేసుకోదు. ఫైల్ విప్పడం, ఫ్రేములు (వీడియోలోని ఒక్కో బొమ్మ) డీకోడ్ చేయడం లాంటి పనుల్ని లైబ్రరీ ఫైళ్లకి అప్పజెబుతుంది. విండోస్‌లో అవి డీఎల్ఎల్‌లు, లినక్స్‌లో ఎస్ఓలు. వీడియోల విషయంలో ఎక్కువగా కనిపించేది 2000లో ఫాబ్రిస్ బెల్లార్ మొదలుపెట్టిన ఎఫ్ఎఫ్ఎంపెగ్. అందులో లిబ్ఏవీఫార్మాట్ డబ్బా మూత తీస్తుంది, లిబ్ఏవీకోడెక్ లోపలి సరుకుని బొమ్మలుగా మారుస్తుంది. ఈ తేడా పట్టుబడితే కంటైనర్, కోడెక్ ప్రశ్నలు ఇక తికమక పెట్టవు. ఎంపీ4 అనేది డబ్బా (కంటైనర్), హెచ్.264 అనేది లోపలి సరుకు (కోడెక్). నేను ఆరు నెలలు రెండూ ఒకటే అనుకున్నాను.

బట్టీ కొడితే ఇవేవీ నిలవలేదు. చివరికి మా చెల్లి ఓణీల ఫంక్షన్‌లో నా ఫోన్‌తో తీసిన క్లిప్‌ని పాత ల్యాప్‌టాప్‌లో ఎఫ్ఎఫ్‌ప్రోబ్‌కి (ఎఫ్ఎఫ్ఎంపెగ్‌తో వచ్చే, వీడియో వివరాలు చూపించే టూల్) ఇచ్చి చూశాను. తీసింది సాయంత్రం 7:40కి. అక్కడ 14:10 అని చూపించింది. ఫోన్ పాడైందేమో అనుకున్నాను. కాదు, ఎంపీ4లో టైమ్ యూటీసీలో (ప్రపంచ ప్రామాణిక సమయం) రాసుకుంటారు, మనది అయిదున్నర గంటలు ముందు. ఎంపీ4లో ఆ టైమ్ లెక్క మొదలయ్యేది 1904 జనవరి 1 నుంచి. అందుకే ఏదైనా వీడియో తేదీ 1904 అని కనిపిస్తే అది తాతల కాలం నాటి కెమెరా అనుకోకండి, ఆ ఫీల్డ్‌లో సున్నా ఉందని అర్థం.

అసలు దెబ్బ హ్యాష్ దగ్గర తగిలింది. హ్యాష్ అంటే ఫైల్‌లోని డేటా నుంచి లెక్కగట్టే వేలిముద్ర లాంటి విలువ. స్ట్రీమ్ కాపీ అంటే లోపలి సరుకుని మళ్లీ ఎన్‌కోడ్ చేయకుండా, ఉన్నది ఉన్నట్టు కొత్త డబ్బాలోకి మార్చడం. నేను కొన్న కోచింగ్ నోట్సులో "స్ట్రీమ్ కాపీ చేస్తే రీఎన్‌కోడ్ అవ్వదు కాబట్టి హ్యాష్ మారదు" అని ఉంది. ఎర్ర పెన్నుతో గీత కూడా గీసుకున్నాను. అదే క్లిప్‌ని స్ట్రీమ్ కాపీతో ఇంకో ఎంపీ4గా మార్చి షా-256 (ఒక రకం హ్యాష్) తీశాను. వచ్చిన 64 అక్షరాల హ్యాష్ పాతదానితో కలవలేదు. ఫ్రేముల హ్యాష్ విడిగా తీస్తే మాత్రం మొదటి ఫ్రేమ్ నుంచి చివరిదాకా అచ్చంగా అవే. బొమ్మలు మారలేదు, డబ్బా మారింది. ఫైల్ హ్యాష్ డబ్బాతో కలిపి లెక్కిస్తుంది. ఫైల్ పేరు మారిస్తే మాత్రం హ్యాష్ మారదు, ఎందుకంటే పేరు ఫైల్ లోపల ఉండదు. ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టుకుని ఒకసారి చేసి చూడండి, పది నిమిషాల పని.

అలా మార్చిన ఫైల్లో ఇంకోటి కనిపించింది. ఎన్‌కోడర్ అన్న చోట లావ్ఎఫ్ అని, పక్కన 58.29.100. అంటే లిబ్ఏవీఫార్మాట్ తన వెర్షన్ నంబర్‌తో సహా సంతకం పెట్టి వెళ్లింది. ఫైల్‌ని మార్చినట్టు ఇలా తెలిసిపోతుందన్నమాట, భలే దొరికాడు దొంగ అనుకున్నాను.

డీఎల్ఎల్‌ల గురించి ఒక హెచ్చరిక. ప్రాక్టీసుకి ఒక టూల్ వేసుకుంటే "ఏవీకోడెక్-58 డీఎల్ఎల్ దొరకలేదు" అని ఎర్రర్ వచ్చింది. ఆ ఒక్క ఫైల్‌ని ఏదో సైట్ నుంచి దించుకున్నాను. యాంటీవైరస్ గోల గోల. టూల్‌నే మళ్లీ సరిగ్గా ఇన్‌స్టాల్ చేసుకోవాల్సింది.

చట్టం భాగంలో పాత పుస్తకాలు ఇంకా పాత ఎవిడెన్స్ యాక్ట్‌లోని సెక్షన్ 65బి (ఎలక్ట్రానిక్ సాక్ష్యాల గురించినది) దగ్గరే ఉన్నాయి. 2024 జూలై 1 నుంచి భారతీయ సాక్ష్య అధినియం అమల్లో ఉంది, అందులో సెక్షన్ 63 చదవండి. సర్టిఫికెట్ ఫారంలో హ్యాష్ విలువ, ఏ అల్గారిథమ్‌తో తీశారో రాయాలి. పార్ట్ ఎ ఫైల్ ఇచ్చినవారిది, పార్ట్ బి నిపుణుడిది.

రెండోసారి నెట్ అయ్యింది. తర్వాత ఒక ల్యాబ్‌లో ఇంటర్వ్యూకి వెళ్తే, ఒక సార్ ప్రింటవుట్ నా ముందుకి జరిపారు. ఎన్‌కోడర్ దగ్గర లావ్ఎఫ్. "ఇది ట్యాంపర్ చేసిన వీడియోనా?" నాకు తెలిసిన ప్రశ్న వచ్చిందన్న సంబరంలో వెంటనే "అవును సార్" అన్నాను.

"డీవీఆర్ (సీసీ కెమెరా రికార్డర్) నుంచి క్లిప్ ఎక్స్‌పోర్ట్ చేసే సాఫ్ట్‌వేరే లోపల ఆ లైబ్రరీ వాడుతుంటే?"

నోరు పెగల్లేదు. ఆయన నవ్వి ప్రింటవుట్ వెనక్కి తీసుకున్నారు. ఆ ఉద్యోగం రాలేదు. ఇంటికొచ్చాక మా బాబాయి మెడికల్ షాపు డీవీఆర్ నుంచి ఒక క్లిప్ ఎక్స్‌పోర్ట్ చేసి, మొట్టమొదట ఎన్‌కోడర్ లైనే చూశాను. లావ్ఎఫ్.