ఆటలోనే అంగడి

మా కావలిలో పదో తరగతి పిల్లల చేతికి ఫోన్ ఎందుకిచ్చారని తల్లిదండ్రులను తప్పుపట్టడం ఈమధ్య మామూలైపోయింది. 2016 సెప్టెంబరులో జియో వచ్చి డేటా చౌకయ్యాక, 2020లో కరోనాతో బడులు మూతపడి పాఠాలే ఫోన్‌లోకి వచ్చాక, ఇవ్వకుండా ఉండే వీలు చాలా ఇళ్లకు లేకపోయింది. నా బాధ ఫోన్ గురించి కాదు, ఆటా అంగడీ ఒకటైపోవడం గురించి.

మా చిన్నప్పుడు సంక్రాంతి బట్టలకు నెల్లూరు ట్రంకు రోడ్డుకు వెళ్లేవాళ్లం. అమ్మ గుడ్డను వేళ్ల మధ్య నలిపి చూసేది, బేరమాడేది, ఒక్కోసారి కొనకుండానే దుకాణం మెట్లు దిగేది. చెప్పిన ధరను కాదనవచ్చని మేము నేర్చుకున్నది అక్కడే.

మా అక్క కొడుకు ఫ్రీ ఫైర్ మ్యాక్స్ అనే ఫోన్ ఆట ఆడుతుంటే పక్కన కూర్చుని చూశాను. ఆట ఉచితమే. అందులో మనం ఆడించే బొమ్మకు మంచి దుస్తులు కావాలంటే మాత్రం ఆటలో డబ్బులా చెల్లే డైమండ్లు ఉండాలి, అవి రావాలంటే డబ్బు కట్టాలి. రూపాయి ఒకసారి డైమండుగా మారాక, ఖర్చవుతున్నది నాన్న సంపాదనేనన్న సంగతి పిల్లవాడి కంటికి ఆనదు. తెర మీద గడువు సెకన్ల లెక్కన తరిగిపోతోంది. “మామా, ఇంకో రెండు గంటలే! తర్వాత ఈ డ్రెస్ దొరకదు” అంటూ వాడు నా మోచేయి పట్టుకుని ఊపాడు. దుస్తులు మార్చినంత మాత్రాన గెలవలేమని వాడికీ తెలుసు. అయితే ఏమీ కొనని బొమ్మతో ఆటలోకి దిగితే తోటివాళ్లు నూబ్, అంటే ఆట రానివాడు, అని వెక్కిరిస్తారు, పదిహేనేళ్ల మనసుకు అది చిన్న దెబ్బ కాదు.

లేని తొందరను కల్పించి కొనిపించడాన్ని, కేంద్రం 2023 నవంబరు 30న ప్రకటించిన మార్గదర్శకాలు వినియోగదారుణ్ని మభ్యపెట్టే 13 పద్ధతుల్లో ఒకటిగా పేర్కొన్నాయి. అదే ఏడాది వచ్చిన డిజిటల్ వ్యక్తిగత డేటా పరిరక్షణ చట్టం, 18 ఏళ్లు నిండని పిల్లలకు గురిపెట్టి ప్రకటనలు చూపకూడదంటోంది. కానీ మా వాడు చూసే ఫోన్ అక్కది, ఖాతా తెరిచింది ఆమె పుట్టిన తేదీతో. చట్టం కాపాడదలచిన పిల్లవాడు అక్కడ పెద్దవాడిగా నమోదై ఉన్నాడు.

అందుకే ప్లే స్టోర్‌లో ప్రతి కొనుగోలుకూ పాస్‌వర్డ్ అడిగేలా పెట్టమనీ, వాడి అసలు పుట్టిన తేదీతో వేరే ఖాతా తెరవమనీ అక్కకు చెప్పాను. కోప్పడి ఫోన్ లాక్కోవద్దన్నాను; వాడు ఏది అడిగినా అది ఎన్ని రూపాయలో వాడిచేతే లెక్క కట్టించి, ఆ తర్వాతే కొనాలో వద్దో ఇద్దరూ కూర్చుని తేల్చుకోమన్నాను.