పాత డెస్క్‌టాప్‌లో చిక్కుకున్న అమ్మ లేసు లెక్కలు

మొదటి శనివారం

అటక మీద నుంచి పాత డెస్క్‌టాప్ దించాను. 2013లో కొన్నది, విండోస్ 7. 2020 తర్వాత దాన్ని ఎవరూ ముట్టుకోలేదు. అందులోంచి నాకు కావలసింది ఒక్కటే: క్రోమ్‌లో సేవ్ చేసి పెట్టుకున్న వర్డ్‌ప్రెస్ పాస్‌వర్డ్.

కాలేజీలో ఉండగా అమ్మ అల్లే లేసు డిజైన్ల కోసం వర్డ్‌ప్రెస్‌లో ఒక సైటు మొదలుపెట్టాను. ఏ పువ్వుకి ఎన్ని గొలుసు కుట్లు, ఏ వరసలో ఎక్కడ అతుకు, అన్నీ అమ్మ చెబుతుంటే నేను టైప్ చేశాను. ఒక్కటీ పబ్లిష్ చేయలేదు, అన్నీ డ్రాఫ్టుల్లోనే ఉండిపోయాయి. ఇప్పుడు అమ్మకి చూపు తగ్గింది. పాత ముక్క చేతిలో పెట్టినా గొలుసులు లెక్కపెట్టలేకపోతోంది. 'పాస్‌వర్డ్ మర్చిపోయాను' అని నొక్కితే లింకు కాలేజీ మెయిల్‌కి పోతుంది. చదువు అయిపోయాక ఆ మెయిల్ మూసేశారు. కాబట్టి దారంటూ ఉంటే ఈ డబ్బాలోంచే.

ఆన్ చేస్తే తేదీ తప్పు చూపించి, ఎఫ్1 నొక్కమంది. మదర్‌బోర్డు మీది బ్యాటరీ అయిపోయిందన్నమాట. ఎఫ్1 నొక్కాక విండోస్ వచ్చింది, పాస్‌వర్డ్ అడిగింది. గుర్తున్నవన్నీ కొట్టాను. ఏదీ తీసుకోలేదు.

సోమవారం

క్యాబినెట్ సంచిలో పెట్టుకుని సఖినేటిపల్లి రేవులో పంటు (గోదావరి దాటించే పెద్ద పడవ) ఎక్కి నరసాపురం వెళ్లాను. షాపు ఆయన చూసి, "ఆయ్, పాస్‌వర్డ్ తీసి పారేద్దామండి, పెన్‌డ్రైవ్ పెడితే ఐదు నిమిషాల పని" అన్నాడు. మంచి మనసుతోనే అన్నాడు. నేను వద్దన్నాను. ఎందుకో ఇక్కడ వివరంగా రాస్తున్నాను, చాలామంది పోగొట్టుకునేది సరిగ్గా ఇక్కడే.

క్రోమ్ మన పాస్‌వర్డ్‌లను 'లాగిన్ డేటా' అనే ఫైల్లో తాళం వేసి పెడుతుంది. 2020లో వచ్చిన 80వ వెర్షన్ నుంచి ఆ తాళంచెవి 'లోకల్ స్టేట్' అనే ఇంకో ఫైల్లో ఉంటోంది. ఆ తాళంచెవిని కూడా విండోస్ తన పెట్టెలో పెట్టి బిగిస్తుంది, దాని పేరు డీపీఏపీఐ. ఆ పెట్టె తెరుచుకునేది మన విండోస్ లాగిన్ పాస్‌వర్డ్‌తో. పాత పాస్‌వర్డ్ ఇచ్చి మనమే కొత్తది పెట్టుకుంటే విండోస్ లోపలి తాళాలన్నీ కొత్తదానికి సర్దుకుంటుంది. అలా కాకుండా బయటినుంచి చెరిపేస్తే దానికి పాతది తెలియదు కదా! డెస్క్‌టాప్ వస్తుంది, ఫోటోలు వస్తాయి, సేవ్ చేసిన పాస్‌వర్డ్‌లు మాత్రం తెరుచుకోవు. ఆ రెండు ఫైళ్లనూ వేరే కంప్యూటర్‌కి కాపీ చేసుకున్నా ఇదే సంగతి.

అందుకే మదర్‌బోర్డుకి సీఆర్2032 బ్యాటరీ, డిస్కుని ల్యాప్‌టాప్‌కి కలిపే సాటా–యూఎస్‌బీ కేబుల్ మాత్రం కొనుక్కుని వచ్చేశాను. ఇంటికొచ్చాక చూస్తే కేబుల్ ల్యాప్‌టాప్ డిస్కులకు పనికొచ్చేది. డెస్క్‌టాప్‌లో ఉండే మూడున్నర అంగుళాల డిస్కుకి విడిగా 12 వోల్టుల అడాప్టర్ ఉండాలి, యూఎస్‌బీ కరెంటుతో అది తిరగదు. మళ్లీ వెళ్దామంటే గోదావరి పెరిగి పంటు ఆపేశారు. నాలుగు రోజులు ఆగాను.

రెండో శనివారం

అడాప్టర్ ఉన్న కేబుల్ దొరికింది. ముందు చేసిన పని మొత్తం డిస్కుకి నకలు తీయడం. లినక్స్ పెన్‌డ్రైవ్‌తో ల్యాప్‌టాప్ ఆన్ చేసి, డీడీరెస్క్యూ అనే నకలు తీసే ప్రోగ్రాంతో 500 జీబీ కొత్త డిస్కులోకి తీశాను. నా ల్యాప్‌టాప్‌లో ఉన్నవన్నీ పాత యూఎస్‌బీ 2 పోర్టులే, దాదాపు ఐదు గంటలు పట్టింది. మధ్యలో రెండుసార్లు కరెంటు పోయింది, ఇన్వర్టర్ కాపాడింది. డీడీరెస్క్యూకి మ్యాప్ ఫైల్ (ఎంతవరకు కాపీ అయిందో రాసుకునే ఫైల్) ఇచ్చి ఉంచితే ఆగినచోటు నుంచే మొదలుపెడుతుంది. అది ఇవ్వకుండా ఎవరూ మొదలుపెట్టొద్దు.

నకల్లో ఫైర్‌ఫాక్స్ ఫోల్డర్ కూడా కనిపించింది. దాని పద్ధతి వేరు. లాగిన్స్.జేసన్, కీ4.డీబీ అనే రెండు ఫైళ్లు కలిసి ఉంటే చాలు, విండోస్ పాస్‌వర్డ్‌తో పని లేదు. ప్రైమరీ పాస్‌వర్డ్ పెట్టుకుని ఉంటే అదొక్కటి అడుగుతుంది, నేను పెట్టలేదు. ల్యాప్‌టాప్‌లో కొత్త ప్రొఫైల్ తెరిచి, ఫైర్‌ఫాక్స్ మూసేసి, ఆ రెండు ఫైళ్లూ అందులో వేసి మళ్లీ తెరిస్తే పదిహేడు పాస్‌వర్డ్‌లు వచ్చాయి. నాకు కావలసింది లేదు. ఇంత సులువుగా తెరుచుకోవడం చూశాక భయం కూడా వేసింది. పాత డిస్కు అమ్మేటప్పుడు ఇది గుర్తుంచుకోవాలి.

మంగళవారం రాత్రి

విండోస్ పాస్‌వర్డ్ గుర్తుందేమోనని చెల్లికి ఫోన్ చేశాను. "అన్నయ్యా, నా ముద్దుపేరు, దాని పక్కన నాన్న స్కూటర్ నంబరు. నువ్వే కదా నాకు చెప్పావు, ప్రాజెక్టు టైప్ చేసుకోమని" అంది. అది నేను మొదటిరోజే కొట్టాను! మళ్లీ కొట్టాను. తప్పనే వచ్చింది. మామూలు ఇంటి విండోస్ 7లో ఎన్నిసార్లు తప్పు కొట్టినా అకౌంట్ లాక్ అవదు కాబట్టి టెన్షన్ లేదు గానీ, మనసు మాత్రం కుంగింది.

అప్పుడు చుక్కలు లెక్కపెట్టాను. ఏడు అక్షరాలు, నాలుగు అంకెలు, మొత్తం పదకొండు చుక్కలు పడాలి. ఏడే ఉన్నాయి. నేను అంకెలు కొడుతున్నది కుడిపక్క కీప్యాడ్ మీద. బ్యాటరీ అయిపోయి పాత సెట్టింగులన్నీ పోయాయి, నమ్‌లాక్ ఆఫ్‌లో ఉంది. ఆ అంకెలు అంకెలుగా పడటం లేదు, కర్సర్‌ని అటూ ఇటూ జరుపుతున్నాయంతే. పైవరస అంకెలతో కొట్టాను. వెల్‌కమ్ అని వచ్చింది. అరిచేశాను, అమ్మ నిద్రలేచి వచ్చింది.

నెట్ కేబుల్ పెట్టలేదు. భద్రతా అప్‌డేట్లు ఆగిపోయిన విండోస్‌ని నెట్‌కి కలపడం నాకు ఇష్టం లేదు. పైగా క్రోమ్ సింక్ అయి ఏం చెరిపేస్తుందో అని. సెట్టింగుల్లో పాస్‌వర్డ్‌లు తెరిచి, కన్ను గుర్తు నొక్కి, విండోస్ పాస్‌వర్డ్ ఇంకోసారి ఇస్తే కనిపించింది. కాగితం మీద రాసుకున్నాను. అన్నీ ఒకేసారి ఎక్స్‌పోర్ట్ చేయొచ్చు, కానీ ఆ ఫైల్లో అన్నీ తాళం లేకుండా ఉంటాయి, అందుకని చేయలేదు.

బుధవారం

ల్యాప్‌టాప్‌లో లాగిన్ అయ్యాను. అన్నిటికన్నా ముందు మెయిల్ ఐడీ మార్చాను, తర్వాత పాస్‌వర్డ్ మార్చి, పాస్‌వర్డ్‌లు దాచే కీపాస్ అనే ప్రోగ్రాంలో పెట్టాను. కాగితం పొయ్యిలో వేశాను. డ్రాఫ్టులు నలభై మూడు ఉన్నాయి. మామిడిపిందె అంచు చదివి వినిపిస్తే అమ్మ ఆపింది. "నూట పన్నెండా? నేను నూట ఎనిమిదనుకుని రెండుసార్లు విప్పాను కదరా" అని దారం అందుకుంది. ఇప్పటికి ఆరు డిజైన్లు పెద్ద అక్షరాల్లో ప్రింట్ తీశాను. మిగతావి రోజుకి రెండు చొప్పున తీస్తున్నాను.