బారువడ్డీ మాస్టారు

"అసలు వచ్చేసింది కదా మాస్టారూ, ఇంకా వడ్డీ ఏంటి?" అన్నాడు సీట్లో కుర్రాడు. నాన్న మాట్లాడకుండా పాత జీపీఎఫ్ (ప్రభుత్వోద్యోగులు జీతంలోంచి దాచుకునే భవిష్యనిధి) స్లిప్పుల కట్ట తీసి బల్ల మీద పెట్టారు. ఎండిపోయిన రబ్బరు బ్యాండు అక్కడే పుటుక్కున తెగింది.

రిటైరయ్యాక చాలా నెలలకి గానీ డబ్బు చేతికి రాలేదు. ఆ మధ్య కాలానికి వడ్డీ సున్నా! 2020 ఏప్రిల్ నుంచీ రేటు 7.1 శాతం. అంటే పది లక్షల మీద నెలకి దాదాపు ఆరు వేలు. "ఆలస్యం వాళ్లది, నష్టం నాదా?" అంటారు నాన్న.

ఆటో ఖర్చులు దండగ, వదిలేయమని అమ్మ గోల. నాకైతే ఆయన అడగడమే నచ్చింది. సర్వీసంతా పిల్లల చేత బారువడ్డీ, చక్రవడ్డీ లెక్కలు చేయించిన మనిషి మరి!

అర్జీ తీసుకున్నారు. రసీదుకి రేపు రమ్మన్నారు. ఇచ్చేదాకా నాన్న కుర్చీలోంచి లేవలేదు.