సగ్గుబియ్యం కాదు

మొన్న ఆదివారం చెన్నై బీసెంట్ నగర్ బీచ్‌లో మా చిన్నది గుప్పెడు ఇసుక తెచ్చి, "నాన్నా, సగ్గుబియ్యం!" అంది. చూస్తే నాలుగు తెల్లటి గింజలు. గోటితో నొక్కినా చితకలేదు.

నర్డిల్స్. బకెట్లూ సంచులూ తయారుచేసే ముడి ప్లాస్టిక్ గుళికలు. 2021లో కొలంబో దగ్గర ఎక్స్‌ప్రెస్ పర్ల్ ఓడ తగలబడినప్పుడు ఇలాంటివి టన్నుల కొద్దీ సముద్రంలో కలిశాయి. 5 మిల్లీమీటర్లలోపు ముక్క ఏదైనా మైక్రోప్లాస్టిక్కే. చేపలు వీటిని గుడ్లనుకొని మింగుతాయి. కడుపు నిండుతుంది, ఒంటికి పట్టేది సున్నా.

ఇంటికొచ్చేసరికి అమ్మ కాసిమేడు చేపల రేవు నుంచి వచ్చిన నెత్తళ్ళు, అవే చిట్టి చేపలు, ముందేసుకుని కూర్చుంది. మా నెల్లూరు వాళ్ళకు అందులో మామిడికాయ పడాల్సిందే, అది వేరే సంగతి. వంజరం లాంటి పెద్ద చేపైతే పేగులు తీసి పారేస్తాం, ప్లాస్టిక్ చాలావరకు ఉండేది అక్కడే. నెత్తళ్ళకు అంత ఓపిక ఎవరికి? చాలామంది పొట్టతో సహా వేయించేస్తారు. నేనూ అంతే, బద్ధకం.

"ఈసారి పొట్టలు గిల్లేద్దాం అమ్మా" అన్నాను.

అమ్మ కళ్ళజోడు పైకి తోసి, "కిలో ఉన్నాయి. నువ్వే కూర్చోరా" అంది.

గంటన్నర పట్టింది. చేతుల నీచు ఇంకా వదల్లేదు. ఆ నాలుగు గింజలు మాత్రం అగ్గిపెట్టెలో భద్రం. చిన్నది బడికి తీసుకెళ్తుందట.