మా గెట్టు మీద కోర్టు గొలుసు

నర్సంపేట దగ్గర మా నాయన దున్నిన చెలకకు, పక్క పట్టాదారు చెలకకు మధ్య గెట్టు తగాదా ఆరేళ్లు నడిచాక, నిన్న ఉదయం కోర్టు నియమించిన అడ్వకేట్ కమిషనరు, సర్వేయరును వెంటబెట్టుకుని వచ్చారు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 26వ ఆర్డరు, 9వ రూలు కింద జరిగే స్థల పరిశీలన ఇది. తీర్పు చెప్పడం కమిషనరు పని కాదు. చూసినదీ, కొలిపించినదీ రాసి ఇవ్వడమే.

సర్వేయరు టిప్పన్ (సర్వే నంబరు కొలతల పటం) నకలు విప్పి, మేము కొట్లాడుతున్న గెట్టు జోలికి పోకుండా, ముందుగా సర్వే నంబరు మూలన ఉండవలసిన హద్దురాయిని వెతికించారు. తుమ్మ పొద కింద మూరెడు లోతు తవ్వాక రాయి తల కనబడింది. (ఇన్నాళ్లూ మేము హద్దురాయి అని వాదించినది ఉత్త బండ అని అప్పుడే తెలిసింది.) అక్కడి నుంచి 33 అడుగుల గొలుసు లాగారు. గొలుసుకు గొలుసు చదరం ఒక గుంట, అంటే 121 చదరపు గజాలు. అటువంటివి 40 అయితే ఎకరం. ఆ లెక్కన పక్కవారు మా వైపు జరిగినది గుంటన్నర మాత్రమే, మేము దావాలో రాసినది నాలుగు గుంటలు. పైగా ఉత్తరాన మేమే అర గుంట బండ్ల బాటలోకి జరిగి ఉన్నామట. ఆ మాట వినగానే మా చిన్నాయన కండువా దులుపుకుని చెట్టు కిందికి వెళ్లిపోయాడు.

పంచనామా మీద ఇరుపక్షాలమూ సంతకాలు చేశాము. నివేదిక కోర్టుకు చేరాక అభ్యంతరాలు వేయవచ్చు, కమిషనరును బోనెక్కించి ప్రశ్నించనూ వచ్చు. మా వకీలు అదే చేద్దామంటున్నారు. ఆ రాయిని కళ్లారా చూసిన నాకు మాత్రం మనసొప్పడం లేదు.